నిరోష్ఠ్యం

టొరినోలో, ట్రాము డిపో వెనక సందులో,
గోడలకు గుడ్ల అట్టల్లాంటి నురగ అంటించిన గదిలో
ముప్ఫై ఒక్క ఏళ్ళుగా నా ఉద్యోగం
పరాయి పెదవులకు మాటలు తొడగడం.

మొదట్లో అన్నీ మారుతల్లులే ఇచ్చారు.
నా గొంతులో జీర ఉంది,
ఇసుకతో ఇత్తడి తోమినట్టు.
ఆ జీరతో ఎంతమంది పిల్లల్ని హాస్టళ్ళకు తోలానో,
ఎన్ని వీలునామాలు తిరగరాయించానో లెక్క లేదు.
కూలి మాత్రం లెక్కగా వచ్చేది.
మా భాషలో ఆ మాటకే ఒక తోకుంది: మత్రీన్యా.
పలికితే ముక్కు దానంతటదే చిట్లుతుంది.

తర్వాత సినిమాలు మారాయి.
ఇప్పుడు మారుతల్లి జీన్స్‌లో వస్తుంది,
పాన్‌కేకులు మాడుస్తుంది, తన మీద తనే జోకు వేసుకుంటుంది.
పిల్ల ధడాలున తలుపేసుకుంటే
బయట కార్పెట్ మీద కూర్చుని తలుపుతో మాట్లాడుతుంది.
మొదటి భార్యా రెండో భార్యా
బాల్కనీలో ఒకే సీసా వైన్ పంచుకుంటారు.
తొంభయ్యో నిమిషంలో, కారులో, వానలో,
పిల్ల "మమ్మా" అంటుంది.
పియానో.

పక్క మైకు గ్వాల్తియేరోది, మారుతండ్రి.
ఒకప్పుడు బెల్టు తీసేవాడు.
ఇప్పుడు తెల్లారకముందే హాకీ మైదానం పక్కన
థెర్మోస్ పట్టుకుని వణుకుతున్నాడు.
"బెల్టు సీన్లకి గొంతు పోయేది, వీటికి గుండె పోతోంది" అంటాడు.
అసలు అతనికి పిల్లలే లేరు.

అద్దం అవతలినుంచి డైరెక్టర్:
"లొరెదానా, జీర తగ్గించు. కాస్త తేనె."
పోస్తాను.
తేనెకి రేటెక్కువ.

ఇంటి దగ్గర తాత్సియో.
వచ్చినప్పుడు ఆరేళ్ళు వాడికి.
చేతిలో తోక విరిగిన డైనోసార్,
జేబులో ఉబ్బసానికి ఊపిరి పంపు.
పన్నెండేళ్ళు, నెలకు రెండు శుక్రవారాలు,
సవోనా దారిలో పెట్రోలు బంకు దగ్గర
వాళ్ళమ్మ ఫియొరెంత్సా, నేనూ కలిసేవాళ్ళం.
వైన్ లేదు.
పంపు పెట్టావా? పెట్టాను.
రెండో మేజోడు ఏది? వెతుకుతాను.
ఇద్దరం ఇంజిన్లు ఆపేవాళ్ళం కాదు.

నా తేనె గొంతు టీవీలో విని
"ఇది నువ్వు కాదు" అన్నాడు ఒక రాత్రి.
పాలకూర ముందు పెడితే మాత్రం
"ఆ పాత గొంతు పెట్టు" అనేవాడు.
పెట్టేదాన్ని:
తిను! లేదంటే నేలమాళిగలో ఎలుకలకు వేస్తా!
పళ్ళెం నాకేసేవాడు.
దీపం ఆర్పాక, దుప్పట్లోంచి, ఇంకోసారి అడిగేవాడు.
ఈ సీను నాకింకా ఏ సినిమాలోనూ రాలేదు.

మా పనికి ఒకటే సూత్రం.
తెర మీద పెదవులు ఎక్కడ మూసుకుంటాయో
నావీ అక్కడే మూసుకోవాలి.
ప, బ, మ. మిగతావి ఎలాగో సర్దేయొచ్చు.
మమ్మా అంటే రెండుసార్లు కలుస్తాయి.
లొరెదానా అంటే
ఒక్కసారీ కలవవు.
పద్నాలుగేళ్ళూ వాడు నన్ను పేరుతోనే పిలిచాడు.
జ్వరంలో, కోపంలో,
తాళాలు మరిచిన రోజున వీధిలోంచి
మూడో అంతస్తు దాకా వినపడేలా,
నోరంతా తెరిచి.

నటి వీపు తిప్పి నిలబడితే మాకు పండగ.
పెదవులు కనపడవు, ఏ మాటైనా పట్టేస్తుంది.

మొన్న ఆదివారం నేను గిన్నెలు కడుగుతున్నాను.
వాడు జెనోవా వెళ్ళాలి, పడవల ఇంజిన్లు నేర్చుకుంటున్నాడు.
రైలుకి టైమవుతోంది.
నా వెనక, గుమ్మంలో, బూటు లేసు కట్టుకుంటూ
ఏదో అన్నాడు.
కొళాయి ధార పెద్దగా ఉంది.
రెండక్షరాలో, నాలుగో.

నేను తిరగలేదు.
కొళాయీ కట్టలేదు.
ఊపిరి పంపు పెట్టుకున్నావా, అన్నాను
పాత గొంతుతో.